మా బావ కోట పట్టిన సంగతి

మా అక్కకి గొంతు పోయింది. మొదట జలుబు చేసింది, ఆ జలుబుతోనే చలిగాలిలో కోట బురుజుల మీద నిలబడి, రాబోయే సీజనుకి సాధనంటూ అరిచి అరిచి, ఆఖరికి నోరు తెరిస్తే గాలి తప్ప మాట రాని స్థితికొచ్చింది. ఇంకెవరికైనా అయితే ఇంట్లో ముసుగుతన్ని పడుకుంటే సరిపోయేది. మా అక్క గైడు. పొద్దున్నే జనాన్ని వ్యానెక్కించుకుని ముందు ద్రాక్షతోట, అక్కడే వైను దాచే నేలమాళిగ, తర్వాత కుండలు చేసేవాళ్ళ వీధి, బుట్టలల్లేవాళ్ళ వసారాలు, చివరికి కొండమీది పాతకోట చూపించి చీకటి పడేలోగా దింపేసే ఒక్కరోజు యాత్ర ఉంది చూశారూ, దాన్ని నడిపేది ఆవిడే. ఆ పనంటే ఆవిడకి ప్రాణం. ఈ సీజనుకి మొదటి బృందం మర్నాడే వస్తోంది. గొంతు లేకపోతే ఆ బృందం ఇంకో గైడుకి పోతుంది, ఒకసారి పోయిందంటే సీజనంతా పోయినట్టే.

ఆ సంగతి తేల్చుకోవడానికి ట్రావెల్స్ యజమాని సాయంత్రం నా టీకొట్టుకే వచ్చారు. వ్యాన్లు ఆగేది నా కొట్టు పక్కనే, అక్క సాయంత్రాలు కూర్చునేది నా బల్ల మీదే. మెడకి మఫ్లరు చుట్టుకుని వేడినీళ్ళ గ్లాసు పట్టుకుని ఓ చివర కూర్చుంది. ఆవిడ పక్కన మా బావ. పరుపులు కుట్టే కొట్టు ఆయనది, ఇంకా చొక్కా మీద దూది అంటుకునే ఉంది. ఎదురుగా వాచీలు బాగుచేసే మేస్త్రి, ఏ విషయమైనా విప్పి లోపలేముందో చూడందే నమ్మని మనిషి.

"గొంతెలా ఉందమ్మా?" అన్నారు యజమాని.

అక్క నోరు తెరిచింది.

"డాక్టరు ఒక్క ముక్క కూడా మాట్లాడొద్దన్నాడండీ," అన్నాడు బావ. "రేపటికి మీరేం బెంగపెట్టుకోకండి. నేనున్నాగా."

మా బావకి పెళ్ళయిన దగ్గర్నుంచీ ఇలాంటి అవకాశం రాలేదు. ఆయన ఏ కథ మొదలెట్టినా రెండో మాట దగ్గర అక్క "అబ్బో" అంటుంది, కథ అక్కడికక్కడే చతికిలపడుతుంది. ఈ పూట ఆ "అబ్బో" అనే మనిషి మఫ్లరు చుట్టుకుని కూర్చుంది. ఆయన రెండు కాళ్ళూ బల్ల మీదకి తీసుకుని మఠం వేసుకున్నాడు. నేను పాలు ఇంకో గిన్నెడు పొయ్యిమీద పెట్టాను, ఇది త్వరగా తేలేది కాదని తెలుసు కాబట్టి.

"మీరు నడిపిస్తారా యాత్ర?" అన్నారు యజమాని, నమ్మకం లేకుండా.

"ఇదేం నాకు కొత్తనుకున్నారా సార్? ఓసారి మొత్తం యాత్ర నేనే నడిపించా. ఈవిడకి తెలుసు, కావాలంటే అడగండి. వద్దులెండి, మాట్లాడకూడదు. ఏం జరిగిందంటే, వ్యానులో సామాన్లందించే మనిషి ఆ రోజు రాలేదు, సరే పద నేనొస్తానని కొట్టుకి తాళం వేసి బయల్దేరా, ఇందులో గొప్పేం లేదు, నేను గొప్పలు చెప్పుకునే మనిషినీ కాదు. తోట దగ్గర దిగామో లేదో ఓ పెద్దావిడ మెట్టు చూసుకోక కాలు మడతపెట్టుకుని కూలబడింది. ఈవిడ ఆవిడ పక్కన కూర్చుని కట్టు కట్టే పనిలో పడింది. మిగతా జనమంతా నా మొహం చూస్తున్నారు. జనం తప్పిపోకుండా ఈవిడ ఓ పసుపు గొడుగు ఎత్తి పట్టుకుంటుంది కదా, అది నా చేతిలో పెట్టి, వీళ్ళని లోపలికి తీసుకెళ్ళండి, ఇప్పుడే వస్తా అంది. అంతే సార్. గొడుగు చేతికొచ్చాక మనిషి మనిషిలా ఉండడు."

"ఇంతవరకూ బాగానే ఉంది," అన్నాడు మేస్త్రి.

"ఇంకా ముందుంది వినవయ్యా. నేలమాళిగలోకి దిగాం. చల్లగా, చీకటిగా, అటూ ఇటూ పీపాలు, ఒక్కోటి మా పడగ్గదంత ఉంటుంది. గ్లాసులో అడుగంటా వైను పోసిస్తారు. దాన్ని గుండ్రంగా తిప్పాలిట, వాసన చూడాలిట, నోట్లో పోసుకుని పుక్కిలించాలిట. ఆ తర్వాత ఏం చేస్తారో తెలుసా? పక్కనో గంగాళం పెట్టి అందులో ఉమ్మేస్తారు."

"తాగరా?"

"తాగరు మేస్త్రీ. ఒకాయన ఏడాదంతా తోట పెంచి, కోసి, తొక్కి, పీపాల్లో పోసి, ఆడపిల్లని కాపాడినట్టు కాపాడి తెచ్చిస్తే ఆయన ఎదురుగానే ఉమ్మడమా? నాకు మనసొప్పలేదు. వాళ్ళందరి వంతూ నా గ్లాసులోనే పొయ్యమన్నా. అందరి మర్యాదా నేనొక్కణ్ణే నిలబెట్టా. మొదటి గుక్క మింగి చెప్పా, ఇది తూర్పు గట్టు పక్క వరసలో కాసిన ద్రాక్ష, కోసిన రోజు నాలుగు చినుకులు పడ్డాయి, తొక్కినాయనకి ఎడమకాలి బొటనవేలికి దెబ్బ తగిలుంది, బరువంతా కుడికాలి మీదేశాడు అని."

"దెబ్బ రుచి కూడా తెలిసిందా నీకు?"

"కుంటడం తెలిసిందయ్యా. రుచి ఓ పక్కకి ఒరిగింది. ఆ నేలమాళిగ పెద్దాయన మారుమాట్లాడకుండా చెప్పు విప్పి చూపించాడు, వేలికి గుడ్డ చుట్టి ఉంది. అక్కడికక్కడ తాళంచెవుల గుత్తి తీసి నా చేతిలో పెట్టాడు. ఇన్నేళ్ళుగా మీకోసమే చూస్తున్నానండీ అని కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు."

అక్క గ్లాసు మీద చెంచాతో టకటకా కొట్టింది.

"చూశారా, ఔనంటోంది," అన్నాడు బావ. "నువ్వు శ్రమపడకే. నేను చెబుతున్నాగా."

యజమాని మూతి బిగించుకునే కూర్చున్నారు కానీ ఆయన చేతిలో టీ మాత్రం తాగకుండానే చల్లారిపోతోంది. అది మంచి గుర్తే అనుకున్నాను. నా బుద్ధి అంతవరకే పనిచేసింది, ముందుకి వెళ్ళలేదు.

"ఆ తాళాలు మోయలేక ఓ పీపాకి చెయ్యి ఆనించా సార్. నా చెయ్యి సంగతి మీకు తెలీదు, రోజూ దూది ఏకి ఏకి ఉన్న చెయ్యి. పీపా కదిలింది. దొర్లడం మొదలెట్టింది. వదిలేస్తే వాకిట్లో ఉన్న జనం మీదకి పోతుంది. ఏం చెయ్యాలి? ఎగిరి దానిమీద నిలబడ్డా. అది ముందుకి దొర్లుతుంటే నేను వెనక్కి అడుగులేస్తున్నా, చేతిలో గొడుగు మాత్రం దించలేదు. జనం ఇదంతా యాత్రలో భాగమే అనుకుని చప్పట్లు కొడుతూ వెనకాలే పరుగు. నేను పైనుంచే కుడిపక్కన ఏముందో ఎడంపక్కన ఏముందో చెప్పుకుంటూ పోతున్నా. అట్లా తిన్నగా కుండల వీధిలోకి వచ్చి పడ్డాం."

"వ్యాను ఎక్కలేదా? తోటకీ కుండల వీధికీ చాలా దూరం కదా," అన్నాడు మేస్త్రి.

"వ్యాను మా వెనకాల వస్తోంది, అందుకోలేక. డ్రైవరు హారను కొడుతున్నాడు, దారిమ్మని. వీధిలో కుమ్మరాయన సారె తిరుగుతోంది, మీద ఇంకా ముద్ద మట్టే ఉంది. పీపా వెళ్ళి దానికి గుద్దుకుంది, నేను ఎగిరి సారె మధ్యలో పడ్డా. అది గిరగిరా తిరుగుతుంటే ఆసరా కోసం రెండు చేతులూ మట్టిలో పెట్టా. తిరిగి తిరిగి సారె ఆగేసరికి ఏముందనుకున్నారు? నా చుట్టూ ఓ జాడీ లేచింది. ఎంత ఎత్తంటే, నేను బయటికి రావడానికి నిచ్చెన వెయ్యాల్సొచ్చింది. అంచు చూస్తే చాకుతో కోసినట్టుంది. కుమ్మరాయన అరుగు దిగొచ్చి, ఇక నేను సారె ముట్టుకోనండీ, మీ తర్వాత ఎవరు చేసినా ఎగతాళిగానే ఉంటుంది అన్నాడు. నేనే నచ్చచెప్పి మళ్ళీ పనిలో కూర్చోబెట్టా."

"ఆ జాడీ ఇప్పుడెక్కడుంది బావా?" అన్నాను నేను. ఊరుకోలేకపోయాను.

"కాల్చే బట్టీలో పట్టలేదురా బామ్మర్దీ. చుట్టూ కొత్త బట్టీ కడుతున్నారు, ఇంకా పూర్తికాలేదు. అడ్డం రాకు. పక్కన బుట్టలల్లే ఆవిడ వసారా. ఆవిడ పక్కన కూర్చుని ఈ సంగతంతా చెప్పా. ఆవిడ అల్లుతూనే ఉంది, వింటూనే ఉంది, కళ్ళు నామీద, చేతులు పనిమీద. చెప్పడమయ్యాక లేద్దామని చూద్దునుగదా, లేవలేకపోతున్నా. ఎందుకో తెలుసా? కథలో పడిపోయి నన్ను కూడా కలిపి అల్లేసింది. మెడదాకా బుట్టే. మూత కూడా మొదలెట్టింది."

ఈసారి యజమాని నవ్వారు. ముక్కులోంచి వచ్చిన నవ్వు, ఆపుకోబోతే దగ్గయింది. బావకి ఇంక పట్టపగ్గాలు లేవు.

"అడుగు కోసి కాళ్ళు బయటపెట్టారు సార్. ఆ బుట్టతోనే మళ్ళీ పీపా ఎక్కా. ఇంక మిగిలింది కోట."

"ఆగాగు," మేస్త్రి వేలెత్తాడు. "కోట కొండమీద కదా ఉంది. పీపా పల్లానికి దొర్లుతుంది, ఒప్పుకున్నా. ఎగువకి ఎట్లా దొర్లింది?"

"లోపలున్నది ఏంటి? వైను. వేడి తగిలింది, కుదుపు తగిలింది, పొంగు మీదుంది. వెనక బిరడా వదులు చేశా. బుస్సుమని వెనక్కి చిమ్మడం, పీపా ముందుకి దూకడం. వాచీలో స్ప్రింగు లాంటిదే అనుకో."

మేస్త్రి ఎత్తిన వేలు దించాడు. స్ప్రింగు మాట వచ్చేసరికి ఆయనకి ఎదురు చెప్పడం కుదరలేదు.

"కోట తలుపు మూసుంది. పీపా ఆగే మనిషా? వెళ్ళి తలుపుని గుద్దింది, తలుపు రెండు చెక్కలై తెరుచుకుంది. అప్పుడు జనానికి చరిత్ర చెప్పాలి కదా, గైడుని కదా నేను. మూడొందల ఏళ్ళ కిందటి ముట్టడి గురించి చెప్పడం మొదలెట్టా. బయట శత్రుసైన్యం, లోపల ఆకలి, గోడమీద సలసల కాగే నూనె, అంతా కళ్ళక్కట్టినట్టు. ఎంత బాగా చెప్పానంటే, వింటూ వింటూ జనం రెండుగా చీలిపోయారు. సగం మంది లోపలికెళ్ళి గోడలెక్కారు, సగం మంది బయట మిగిలి ముట్టడించారు. టోపీలు ఎగిరాయి, నీళ్ళసీసాలు ఎగిరాయి. ఓ బ్యాంకు ఆఫీసరు, పొద్దుటినుంచీ నోరు విప్పని మనిషి, బురుజు మీదకెక్కి ప్రాణాలైనా ఇస్తాం, కోట ఇవ్వం అని అరిచాడు. మూడొందల ఏళ్ళుగా ఎవ్వరికీ లొంగని కోట సార్ అది. ఆ మధ్యాహ్నం లొంగింది."

"ఎవరికి?" అన్నారు యజమాని, ముందుకి వంగి.

"ఇంకెవరికి? గొడుగు ఎవరి చేతిలో ఉందో వాళ్ళకి. ఇటు సైన్యం అటు సైన్యం కలిసి నన్ను రాజుని చేస్తామన్నారు. వద్దంటే వింటేనా. ఇంత బలవంతమైతే సరే, ఓ పూట ఏలి వెళ్తానన్నా. కోట చూడ్డానికి టిక్కెట్టు ఎత్తేశా. మెట్లకి కమ్మీలు పెట్టించా, ముసలాళ్ళు పట్టుకుని ఎక్కడానికి. అంతఃపురం చూశా, మంచాలు బాగున్నాయి గానీ పరుపులు లేవు, అంతంత మంచాలకి పరుపుల్లేకపోతే ఆ రాణులు ఎట్లా నిద్రపోయారో పాపం. వెంటనే కొలతలు తీసుకోమని ఆజ్ఞ ఇచ్చా. పక్క రాజ్యం వాళ్ళు సంధికొచ్చారు, ఉన్న వైనంతా పోసి సంధి చేసుకున్నాం."

అక్క లేచి నిలబడింది. చెయ్యి ముందుకి చాచి ఏదో అనబోయింది.

"కూర్చో, కూర్చో, గొంతు జాగ్రత్త," అన్నాడు బావ ఆవిడ భుజం మీద చెయ్యేసి కూర్చోబెట్టి. "రాణి కూడా ఈవిడేగా సార్, అది చెప్పమంటోంది. ఇంకా ఏలేవాణ్ణే. కానీ సాయంత్రానికి వ్యాను మీకు అప్పజెప్పాలి కదా. అందుకని కోట కూడా అప్పజెప్పేసి వచ్చేశా."

"ఎవరికి అప్పజెప్పావు?" అన్నాడు మేస్త్రి.

"వాచ్‌మన్‌కి. ముందున్నట్టే ఉందో లేదో ఓసారి చుట్టూ తిరిగి చూసుకుని మరీ తీసుకున్నాడు."

యజమాని ఇక ఆపుకోలేదు. కళ్ళజోడు తీసి, కళ్ళు తుడుచుకుని, మళ్ళీ నవ్వి, చల్లారిన టీ ఒక్క గుక్కలో తాగేశారు. నేనూ నవ్వాను. మేస్త్రి కూడా నవ్వాడు, ఎందుకు నవ్వుతున్నాడో ఆయనకే నచ్చకుండా. నవ్వడమయ్యాక యజమాని అక్క వైపు తిరిగి చాలా మెత్తగా అన్నారు.

"అమ్మా, నొచ్చుకోకు. పోయిన సీజను ఆఖర్న కోటలో చరిత్ర చెబుతుంటే జనం ఆవలించారు, నేనూ చూశాను. నీ తప్పేం లేదు, చరిత్రంటేనే అంత. ఈయన చెబితే ఒక్కడూ ఆవలించడు. రేపొక్కరోజే ఎందుకు? ఈ సీజనంతా ఈయన్నే నడపనీ. నువ్వు హాయిగా ఇంట్లో విశ్రాంతి తీసుకో."

బావ మొహం ముందు వెలిగింది, అబద్ధమెందుకు చెప్పాలి, బాగానే వెలిగింది. తర్వాత పక్కకి తిరిగి అక్కని చూశాడు. అక్క పని ఇంకొకళ్ళకి పోకుండా చూద్దామని మొదలెట్టాడు, తీరా ఆ ఇంకొకడు తనే అయ్యాడు. మఠం విప్పి కాళ్ళు కింద పెట్టాడు.

"అబ్బే, నేనన్నది రేపటి సంగతే సార్. సీజనంతా నా వల్ల ఎక్కడవుతుంది. పరుపులున్నాయి, కొట్టుంది."

"కొట్టు సాయంత్రాలు తెరుచుకోండి. కోట పట్టిన మనిషికి ఇదో లెక్కా? ఇక మాటంటే మాట," అన్నారు యజమాని లేవబోతూ.

బావ నోరు తెరిచాడు. ఏమీ రాలేదు. పుట్టి బుద్ధెరిగాక ఆయనకి మాట దొరక్కపోవడం నేను అప్పుడే చూశాను.

"ఆ రోజు ఈయన తాగింది ద్రాక్షరసం."

ఆ మాట అన్నది అక్క. గొంతు గంటలా ఉంది. రోడ్డవతల వ్యాను కడుగుతున్న డ్రైవరు కూడా తలతిప్పి చూశాడు.

"సామాన్లు మోసేవాళ్ళకీ, డ్రైవర్లకీ అక్కడ వైను పొయ్యరండీ. దారి కొండదారి కదా, అందుకని వాళ్ళకి వేరే కూజాలో పిండిన రసం పోస్తారు. ఈయనకది తెలీదు. అందరి వంతూ నాకే పొయ్యమంటే కూజా అంతా ఈయన గ్లాసులోనే ఒంపారు. నేను కట్టు కట్టి లోపలికి వెళ్ళేసరికి పీపాని కౌగిలించుకుని, అన్నయ్యా, ఎంత చిక్కిపోయావు అని ఏడుస్తున్నారు. ద్రాక్షరసానికి నిషా ఎక్కిన మనిషిని ఆ తోటవాళ్ళు అంతకుముందు చూళ్ళేదట."

మేస్త్రి బల్ల మీద తల వాల్చేశాడు.

"నేనూ డ్రైవరూ చెరోపక్కా పట్టుకుని వ్యానెక్కించాం. కుండల వీధిలో దిగలేదు. బుట్టల దగ్గర దిగలేదు. కోట దగ్గర అసలే దిగలేదు, కోట తూలుతోంది, జనాన్ని దూరంగా జరపమని వ్యానులోంచి గొడుగు ఊపుతూ కూర్చున్నారు. చిన్నబుచ్చుకుంటారని ఇన్నాళ్ళూ చెప్పలేదు." ఆవిడ యజమాని వైపు తిరిగింది. "జనం ఆవలించిన మాట నిజమేనండీ. రాజులందరినీ వరసపెట్టి చెబుతాను, అది తగ్గిస్తా. ముట్టడితోనే మొదలెడతా. కానీ ఆ కోట గురించి నేను చదివింది, తిరిగి తెలుసుకున్నది ఇంకొకళ్ళ చేతిలో పెట్టను. రేపు గొడుగు నాదే."

యజమాని మళ్ళీ కూర్చుని, "ఈ గొంతు బురుజు కిందదాకా వినబడుతుంది. పొద్దున్నే వ్యాను పంపిస్తానమ్మా," అన్నారు. అందరికీ ఇంకో విడత టీ పోశాను.

బావ ఎంతసేపు నేల చూపులు చూస్తాడు? టీ రెండు గుక్కలు పడగానే వెన్ను నిటారుగా అయింది.

"చూశారా సార్? డాక్టరు మాత్రలకి రాని గొంతు నా కథకి వచ్చింది. ఇదంతా నేను కావాలని చేసిందే. మనిషికి కోపం నషాళానికంటితే గొంతులో పట్టిందంతా ఊడి బయటికొస్తుంది, ఇది పెద్ద పెద్ద డాక్టర్లకే తెలీదు. ఆ పీపా, ఆ కోట, అన్నీ మందే. కొంచెం కొంచెంగా మోతాదు పెంచుకుంటూ వచ్చా."

నిజం చెప్పొద్దూ, మేం నమ్మినంత పని చేశాం. యజమాని తల కూడా ఊపారు. మేస్త్రి, అయితే అయ్యుండొచ్చు అన్నట్టు గడ్డం గోక్కున్నాడు.

అక్క మఫ్లరు విప్పి, మడిచి, ఒళ్ళో పెట్టుకుంది.

"నా గొంతు పొద్దున్నే వచ్చిందండీ," అంది బావ వైపు తిరిగి. "అప్పట్నుంచీ మీరెక్కడైనా ఊపిరి తీసుకుంటారేమోనని చూస్తున్నా."